పెద్దరోగం: జబ్బును మించిన వెలి

తెలుగు పల్లెల్లో రెండు జబ్బులను అసలు పేరుతో పిలవడానికి జనం జంకేవారు. ఒకటి మశూచి. దాన్ని అమ్మవారు అన్నారు. తల్లి ఇంటికొచ్చిందని భావించి గడపకు వేపమండలు కట్టారు, రోగిని ఇంట్లోనే వేపాకుల మీద పడుకోబెట్టి సాకారు. రెండోది కుష్ఠు. దాన్ని పెద్దరోగం, పెద్దజబ్బు, మహారోగం అన్నారు. ఆ రోగిని మాత్రం ఊరి బయటికి పంపారు. మశూచి ప్రాణాంతక రూపం సోకినవారిలో సుమారు ముగ్గురిలో ఒకరిని చంపేది, ఇల్లిల్లూ చుట్టబెట్టేది. కుష్ఠు చంపడం అరుదు. అంటువ్యాధులన్నింటిలోనూ మనిషి నుంచి మనిషికి అతి కష్టంగా సోకేవాటిలో అదొకటి. ప్రమాదాన్నిబట్టే భయం పుట్టేదైతే ఈ రెండు జబ్బులతో సమాజం ప్రవర్తించిన తీరు తలకిందులు కావాలి. అలా కాకపోవడానికి కారణాలు జబ్బు స్వభావంలో కొన్ని, మత విశ్వాసాల్లో కొన్ని, చట్టాల్లో కొన్ని ఉన్నాయి.

నొప్పిని చంపే సూక్ష్మజీవి

కుష్ఠుకు కారణం మైకోబాక్టీరియం లెప్రే అనే బాక్టీరియా. క్షయ బాక్టీరియాకు ఇది దగ్గరి చుట్టం. సాధారణ బాక్టీరియాలు నిమిషాల్లోనో గంటల్లోనో రెండుగా విడిపోతే, దీనికి దాదాపు 2 వారాలు పడుతుంది. అందుకే ఒంట్లో ప్రవేశించాక జబ్బు బయటపడడానికి సగటున 5 ఏళ్లు, ఒక్కోసారి 20 ఏళ్లు పడుతుంది. 2001లో దీని జన్యుపటం వెలువడినప్పుడు ఒక వింత బయటపడింది. పనిచేసే జన్యువులు సుమారు 1,600 మాత్రమే మిగిలాయి, మరో వెయ్యికి పైగా జన్యువులు చెడిపోయి వ్యర్థంగా పడివున్నాయి. అన్నింటికీ ఆతిథ్య కణాల మీదే ఆధారపడే ఈ జీవిని కృత్రిమ పోషక ద్రవ్యంలో ఇప్పటికీ ఎవరూ పెంచలేకపోయారు. నూటికి 95 మందికి పైగా దీన్ని సహజంగానే తట్టుకోగలరు. చికిత్స పొందని రోగితో ఏళ్ల తరబడి దగ్గరగా మెలిగినవారిలోనూ చాలామందికి జబ్బు రాదు.

ఈ బాక్టీరియాకు శరీరంలో చల్లగా ఉండే భాగాలంటే ఇష్టం. చర్మం, ముక్కు, చెవితమ్మెలు, చేతులకూ కాళ్లకూ వెళ్లే పైపై నరాలు దాని స్థావరాలు. నరం దెబ్బతిన్నచోట స్పర్శ పోతుంది. తొలి గుర్తు సాధారణంగా పాలిపోయిన లేదా రాగిరంగు మచ్చ. దానికి దురద ఉండదు, నొప్పి ఉండదు. గిల్లినా తెలియదు, సూదితో గుచ్చినా తెలియదు. మోచేతి దగ్గరి నరం దెబ్బతింటే చిటికెనవేలు, ఉంగరపువేలు లోపలికి ముడుచుకుపోతాయి. మోకాలి దగ్గరి నరం పాడైతే పాదం వేలాడిపోతుంది. ముఖంలో నరం పోతే కన్ను మూతపడదు.

కుష్ఠు వస్తే వేళ్లు రాలిపోతాయన్నది జనంలో పాతుకుపోయిన నమ్మకం. జరిగేది వేరు. స్పర్శ లేని చేత్తో కాగిన గిన్నె పట్టుకుంటే చర్మం కాలుతుంది, మనిషికి తెలియదు. ముల్లు దిగినా అదే కాలితో మైళ్లు నడుస్తాడు. పుండు పడుతుంది, చీము పడుతుంది, ఎముక అరిగి కుంచించుకుపోతుంది. మనిషిని రోజుకు పదిసార్లు కాపాడే నొప్పి లేకపోవడమే ఆ అవయవాన్ని తినేస్తుంది. జబ్బు మొదట్లోనే మందు పడితే ఇదంతా జరగదు. వైకల్యం కుష్ఠు లక్షణమని లోకం అనుకుంటుంది, నిజానికది ఆలస్యానికి గుర్తు. ఆ ఆలస్యానికి కారణం ఏమిటన్నదే ఈ జబ్బు సామాజిక చరిత్రలో మూలప్రశ్న.

పాపం, శాపం, సూర్యుడు

కుష్ఠు ఈ దేశానికి కొత్త కాదు. రాజస్థాన్‌లోని బాలాథల్‌లో తవ్వకాల్లో దొరికిన సుమారు 4,000 ఏళ్ల నాటి అస్థిపంజరంపై ఈ జబ్బు గుర్తులు కనిపించాయి. సుశ్రుత సంహిత కుష్ఠాన్ని 18 రకాలుగా విభజించింది, అందులో 7 మహాకుష్ఠాలు. అయితే ఆ మాటకు ఆనాడు అర్థం విశాలం. గజ్జి, తామర లాంటి చర్మరోగాలు కూడా ఆ పద్దులోనే చేరాయి. సుశ్రుతుడు స్పర్శ పోవడాన్ని గుర్తించాడు, కలిసి పడుకోవడం, కలిసి తినడం వల్ల కుష్ఠం ఒకరి నుంచి ఒకరికి సోకుతుందన్నాడు, తువరక గింజల నూనెను మందుగా చెప్పాడు. అదే గ్రంథం పూర్వజన్మ పాపాన్నీ ఒక కారణంగా చూపింది. వైద్యదృష్టి, పాపభావన ఒకే పుటలో ఇమిడిపోయాయి.

ధర్మశాస్త్రాలు ఇంకో అడుగు వేశాయి. కుష్ఠు ఉన్న కుటుంబంతో వియ్యమందకూడదని మనుస్మృతి చెప్పింది. తీవ్రమైన కుష్ఠు ఉన్నవాడికి తండ్రి ఆస్తిలో వాటా లేదన్న నియమం బ్రిటిష్ కాలపు న్యాయస్థానాల్లోనూ చెల్లుబాటైంది. 1928లో వచ్చిన వారసత్వ చట్టం ఆ అడ్డును తొలగించింది. పెళ్లి, ఆస్తి అనే రెండు తలుపులూ మూసుకుపోయాక మనిషికి మిగిలేది వీధి ఒక్కటే.

పురాణగాథల్లో దయకు కూడా చోటుంది. కృష్ణుడి కొడుకు సాంబుడు శాపవశాన కుష్ఠు పాలై, సూర్యుణ్ణి ఆరాధించి స్వస్థుడయ్యాడంటారు. మయూరకవి సూర్యశతకం రచించి ఈ జబ్బు నుంచి బయటపడ్డాడని మరో గాథ. శ్రీకాకుళం జిల్లా అరసవల్లి సూర్యదేవాలయానికి చర్మవ్యాధుల నివారణ కోరి భక్తులు నేటికీ వస్తారు. ఈ కథలు రోగికి ఆశ చూపాయి. కానీ జబ్బు వచ్చిందంటే వెనుక ఏదో శాపమో దోషమో ఉండే ఉంటుందన్న ఊహను కూడా అవే నిలబెట్టాయి.

క్రైస్తవ ప్రపంచంలో ఇదే సంగతి ఇంకో దారిలో జరిగింది. హీబ్రూ బైబిల్లో అశుద్ధతను సూచించే ఒక మాట అనేక చర్మవికారాలకు, బట్టలమీది బూజుకు, గోడల మరకలకు కూడా వర్తిస్తుంది. గ్రీకు అనువాదంలో అది లెప్రా అయింది, తరువాతి భాషల్లో ఈ ఒక్క జబ్బుకే అతుక్కుపోయింది. మధ్యయుగ ఐరోపాలో రోగులను ఊరి వెలుపలి ప్రత్యేక గృహాల్లో ఉంచారు. 1179లో మూడో లాటరన్ మహాసభ వారికి వేరే చర్చి, వేరే శ్మశానం ఉండాలంది.

కనుగొన్న సూక్ష్మజీవి, కట్టిన గోడలు

1873లో నార్వేలోని బెర్గెన్ నగరంలో గెర్హార్డ్ ఆర్మాయర్ హన్సెన్ రోగుల కణజాలంలో కడ్డీల్లాంటి సూక్ష్మజీవులను చూశాడు. అప్పటిదాకా కుష్ఠు వంశపారంపర్యమని వైద్యుల్లోనూ బలమైన నమ్మకం ఉండేది. హన్సెన్ కనుగొన్న సంగతి శాపం, వంశదోషం అనే మాటలను చెరిపేయవలసింది. కానీ అది వెలివేతకు శాస్త్రం పేరుతో కొత్త సమర్థన ఇచ్చింది. హన్సెన్ సైతం తన వాదన నిరూపించాలని ఒక రోగిణి కంటిలోకి ఆమె అనుమతి లేకుండా వ్యాధిపదార్థం ఎక్కించాడు. 1880లో కోర్టు అతన్ని తప్పుపట్టి ఆసుపత్రి ఉద్యోగం నుంచి తొలగించింది. 1897లో బెర్లిన్‌లో జరిగిన తొలి అంతర్జాతీయ కుష్ఠు మహాసభ రోగులను వేరుచేయడమే మార్గమని తీర్మానించింది.

వేరుచేయడం ఎంత దూరం వెళ్లిందో రెండు దేశాల చరిత్ర చెబుతుంది. హవాయి రాజ్యం 1866 నుంచి రోగులను మొలోకై ద్వీపంలోని కలావుపాపాకు పంపింది. మూడు వైపుల సముద్రం, నాలుగో వైపు నిటారు కొండ ఉన్న ఆ చోటికి సుమారు 8,000 మందిని చేర్చారు. నిర్బంధ విధానం ముగిసింది 1969లో. జపాన్‌లో 1907 చట్టం వీధుల్లో తిరిగే రోగులకు వర్తించింది, 1931లో అది రోగులందరికీ విస్తరించింది. ఆ ఆశ్రమాల్లో పెళ్లి చేసుకోవాలంటే సంతాన నిరోధక శస్త్రచికిత్సకు ఒప్పుకోవాల్సి వచ్చేది. జబ్బు నయంచేసే మందు వచ్చాక కూడా ఆ చట్టం నడిచింది. రద్దయింది 1996లో. 2001లో కుమమోతో జిల్లా న్యాయస్థానం ఆ విధానం రాజ్యాంగ విరుద్ధమని తీర్పు చెప్పింది.

భారతదేశంలో భయాన్ని రాజేసింది కలావుపాపా వార్తే. అక్కడ రోగులకు సేవచేసిన బెల్జియం మతగురువు ఫాదర్ డామియన్ అదే జబ్బుతో 1889లో చనిపోవడంతో బ్రిటిష్ సామ్రాజ్యమంతటా కలవరం పుట్టింది. 1890-91లో లెప్రసీ కమిషన్ ఒకటి ఈ దేశమంతా తిరిగి పరిశీలించింది. జబ్బు సోకే గుణం స్వల్పమని, నిర్బంధంగా వేరుచేయడం అనవసరమని తేల్చింది. అయినా 1898లో కుష్ఠురోగుల చట్టం వచ్చింది.

ఆ చట్టం ఎవరిమీద గురిపెట్టిందో గమనించాలి. బహిరంగంగా అడుక్కునే, లేదా బతుకుతెరువు కనిపించని రోగిని వారంటు లేకుండా పోలీసులు పట్టుకోవచ్చు, ఆశ్రమంలో నిర్బంధించవచ్చు. తిండి పదార్థాలు తయారుచేసి అమ్మడాన్ని, ఊరుమ్మడి బావుల్లో, చెరువుల్లో స్నానం చేయడాన్ని నిషేధించవచ్చు. ఇంటిపట్టున ఉండగలిగిన డబ్బున్న రోగిని అది ముట్టుకోలేదు. జబ్బు వ్యాప్తిని ఆపడమే లక్ష్యమైతే పేద, ధనిక తేడా ఉండనక్కరలేదు. కనబడకుండా చేయాలనుకున్నది జబ్బును కాదు, వీధిలోని పేద రోగిని. ఈ చట్టాన్ని పార్లమెంటు పూర్తిగా రద్దుచేసింది 2016లో.

డిచ్‌పల్లి నుంచి ఎండీటీ దాకా

ఇదే కాలంలో ఆసుపత్రులూ వెలిశాయి. 1874లో వెల్లెస్లీ బెయిలీ ప్రారంభించిన మిషన్ భారతదేశమంతటా ఆశ్రమాలకు నిధులిచ్చింది. నిజాం రాజ్యంలో, నిజామాబాద్ దగ్గర డిచ్‌పల్లిలో, స్కాట్లండ్ వైద్యురాలు ఇసబెల్ కెర్, ఆమె భర్త జార్జ్ కెర్ కలిసి 1915 ప్రాంతంలో విక్టోరియా కుష్ఠు ఆసుపత్రిని నెలకొల్పారు. స్థానిక దాత నర్సాగౌడ్ దానికి భారీ విరాళమిచ్చారు. ఉత్తరాంధ్రలో సాలూరు ఫిలడెల్ఫియా ఆసుపత్రి ఆంధ్ర, ఒడిశా సరిహద్దు కొండ ప్రాంతాలవారికి దిక్కయింది. ఇక్కడ రోగులకు మందుతోపాటు సాగు, వడ్రంగం, నేత లాంటి పనులు దొరికాయి. వెలివేసిన ఊరికి బదులు ఇంకో ఊరు దొరికినట్టయింది. కాకపోతే అదీ ఊరికి దూరంగానే ఉండేది.

ఆనాటి మందు సుశ్రుతుడు చెప్పిన జాతి గింజల నుంచే వచ్చింది. చాల్‌మూగ్రా నూనెను తాగితే వాంతులు, ఇంజెక్షన్‌గా ఇస్తే భరించలేని నొప్పి. ఫలితం అంతంతమాత్రం. 1941లో అమెరికాలోని కార్విల్ ఆసుపత్రిలో గై ఫాజెట్ ప్రోమిన్ అనే సల్ఫోన్ మందును వాడడంతో దశ తిరిగింది. అదే కుటుంబానికి చెందిన డాప్సోన్‌ను చెంగల్పట్టులో రాబర్ట్ కాక్రేన్ ఇంజెక్షన్ రూపంలో ఇచ్చాడు. డిచ్‌పల్లిలో ఏళ్ల తరబడి పనిచేసిన జాన్ లోవ్ ఆ తరువాత నైజీరియాలో దాన్ని మాత్రలుగా ఇవ్వవచ్చని చూపాడు. చవకైన తెల్లమాత్ర ఒకటి వేల ఏళ్ల జబ్బును లొంగదీసింది.

ఏళ్ల తరబడి ఒకే మందు వాడడంతో బాక్టీరియా దానికి అలవాటుపడింది. 1981లో ప్రపంచ ఆరోగ్య సంస్థ రిఫాంపిసిన్, క్లోఫాజిమైన్, డాప్సోన్ కలిపి ఇచ్చే బహుళ ఔషధ చికిత్సను సిఫారసు చేసింది. ఎండీటీ అని జనం పిలిచేది దీన్నే. జబ్బు తీవ్రతనుబట్టి 6 నెలలు లేదా 12 నెలలు వాడితే నయమవుతుంది. మందు మొదలుపెట్టిన కొద్దిరోజులకే రోగి నుంచి జబ్బు సోకే అవకాశం దాదాపు పోతుంది. 1995 నుంచి ప్రపంచమంతటా ఇది ఉచితం. 1983లో జాతీయ కుష్ఠు కార్యక్రమం కొత్త రూపు దాల్చేనాటికి భారత్‌లో ప్రతి 10,000 మందికి 57 మందికి పైగా రోగులుండేవారు. 2005 డిసెంబరు నాటికి ఆ సంఖ్య ఒకటికన్నా తగ్గింది.

మందు జబ్బును నయం చేసింది కానీ అప్పటికే వంకరపోయిన చేతిని సరిచేయలేదు. ఆ పని శస్త్రచికిత్స చేసింది. వెల్లూరు క్రైస్తవ వైద్య కళాశాలలో పాల్ బ్రాండ్ 1948లో, బాగున్న కండర స్నాయువును దారిమళ్లించి ముడుచుకుపోయిన వేళ్లను తెరిచే శస్త్రచికిత్సలు మొదలుపెట్టాడు. కొందరి వేళ్లు రాత్రికి రాత్రి మాయమవుతున్నాయన్న ఫిర్యాదు వస్తే నిఘా పెట్టి చూశారు. నిద్రలో ఎలుకలు కొరుకుతున్నాయి, నొప్పి లేక రోగికి మెలకువ రావడం లేదు. దానికి విరుగుడుగా రోగులు ఇంటికెళ్లేటప్పుడు పిల్లిని వెంట తీసుకెళ్లడం మొదలైంది. స్పర్శ లేని పాదాల కోసం మెత్తటి రబ్బరు అట్టతో తయారయ్యే ఎంసీఆర్ చెప్పులు వచ్చాయి. పుండ్లను ఆపడంలో వాటి మేలు పెద్దది. ఐతే ఆ చెప్పులు చూసి జబ్బు పోల్చుకుంటారేమోనని వేసుకోనివారున్నారు. క్లోఫాజిమైన్ కొన్నాళ్లపాటు చర్మం రంగును నల్లబరుస్తుంది. అది చూసి ఇరుగుపొరుగు ఆరా తీస్తారని మాత్రలు మధ్యలో మానేసినవారూ ఉన్నారు. మందుకు, రోగికి మధ్య కూడా వెలి భయమే నిలబడింది.

ముట్టుకున్న చేతులు

వెలిని ఎదిరించినవారిలో కొందరు చేసిన పని వైద్యం కన్నా లోతుకు వెళ్లింది. సంస్కృత పండితుడు పర్చూరే శాస్త్రి ఎరవాడ జైలులో గాంధీజీకి తోటి ఖైదీ. కుష్ఠు కారణంగా ఆయనను అక్కడ వేరుగా ఉంచారు. 1939లో ఆయన సేవాగ్రామ్ వచ్చినప్పుడు గాంధీజీ ఆశ్రమంలో చోటిచ్చి, స్వయంగా పుండ్లు కడిగి, ఒళ్లు రుద్దారు. తరువాత నిర్మాణ కార్యక్రమంలో కుష్ఠురోగుల సేవను ఒక అంశంగా చేర్చారు. గాంధీజీ వర్ధంతి జనవరి 30ని దేశం కుష్ఠు వ్యతిరేక దినంగా పాటించడం వెనుక ఉన్నది ఈ స్పర్శే. 1951లో వార్ధాలో ఏర్పడిన గాంధీ స్మారక కుష్ఠు సంస్థ ఆశ్రమాల పద్ధతిని వదిలి, ఇంటింటికీ తిరిగి రోగులను గుర్తించడం, జనానికి తెలియజెప్పడం, ఇంటి దగ్గరే మందివ్వడం అనే మూడంచెల పద్ధతిని దేశానికి నేర్పింది. ఉత్తరాంధ్రలోని చిలకలపల్లి ఆ సంస్థ పనిచేసిన కేంద్రాల్లో ఒకటి.

ఆదిలాబాద్ సరిహద్దుకు ఆవల, మహారాష్ట్ర చంద్రపూర్ జిల్లాలో బాబా ఆమ్టే ఆనందవన్‌ను నిర్మించారు. వానలో తడుస్తూ దారిలో పడివున్న ఒక రోగిని చూసి మొదట భయంతో పారిపోయానని, ఆ భయమే తనను వెనక్కి తెచ్చిందని ఆయన చెప్పుకున్నారు. ఆనందవన్‌లో రోగులు బావులు తవ్వారు, రాళ్లనేల సాగుచేశారు. భిక్షతో కాక పనితోనే మనిషి గౌరవం నిలుస్తుందన్నది ఆయన నమ్మకం. హైదరాబాద్ కూకట్‌పల్లిలో రాణి కుముదినీదేవి 1958లో నెలకొల్పిన శివానంద పునరావాస కేంద్రం ఇదే దారిలో నడిచింది. వనపర్తి సంస్థానపు కోడలైన ఆమె తరువాత నగర మేయర్ కూడా అయ్యారు.

రోగులు తమ గొంతు తామే వినిపించుకున్న సందర్భాలూ ఉన్నాయి. కార్విల్‌లో చేరేవారు బయటి కుటుంబానికి మచ్చ రాకూడదని పేరు మార్చుకునేవారు. అక్కడే స్టాన్లీ స్టెయిన్ అనే మారుపేరుతో బతికిన ఒక రోగి ‘ది స్టార్’ పత్రికను నడిపి, మనిషిని జబ్బు పేరుతో పిలిచే ఆంగ్లపదంపై జీవితాంతం పోరాడాడు. 1995లో బ్రెజిల్ ప్రభుత్వ పత్రాల్లో పాత పేరును చట్టం ద్వారా తీసేసి హన్సెన్ పేరుతో కొత్త పదాన్ని పెట్టింది.

చట్టాల్లో మిగిలిన ముద్ర

నయమయ్యే జబ్బుగా మారి 30 ఏళ్లు దాటినా భారత చట్టాల్లో కుష్ఠు పాత రూపంలోనే మిగిలింది. జీవిత భాగస్వామికి కుష్ఠు ఉంటే విడాకులు కోరవచ్చన్న నిబంధన హిందూ, ముస్లిం, క్రైస్తవ, ప్రత్యేక వివాహ చట్టాలన్నింటిలోనూ ఉండేది. 2008లో ఒడిశాకు చెందిన ఒక కేసులో, కుష్ఠు ఉన్న వ్యక్తి పురపాలక ఎన్నికలకు అనర్హుడన్న నిబంధనను సుప్రీంకోర్టు సమర్థించింది. 2010లో ఐక్యరాజ్యసమితి సర్వప్రతినిధి సభ వివక్ష నిర్మూలన సూత్రాలను ఆమోదించింది. 2015లో లా కమిషన్ తన 256వ నివేదికలో ఇలాంటి చట్టాలను సవరించాలని కోరింది. 2016 వికలాంగుల హక్కుల చట్టం కుష్ఠు నయమై వైకల్యం మిగిలినవారిని గుర్తించింది. 2019లో పార్లమెంటు 5 వ్యక్తిగత చట్టాల నుంచి కుష్ఠును విడాకుల, భరణ నిరాకరణ కారణాల్లోంచి తొలగించింది.

చట్టంలోంచి మాట పోయినంత తేలికగా ఊళ్లోంచి పోలేదు. దేశంలో నయమైనవారు, వారి కుటుంబాలు కలిసి బతికే కాలనీలు వందల సంఖ్యలో ఉన్నాయి. అక్కడి పిల్లల్లో, మనవల్లో చాలామందికి జబ్బు ఎన్నడూ రాలేదు. అయినా చిరునామా చెబితే ఉద్యోగం, సంబంధం తప్పిపోతాయన్న భయం వారిని వెంటాడుతుంది. స్త్రీల విషయంలో భారం రెట్టింపు. మచ్చ కనిపించినా పుట్టింట్లో పెళ్లి చెడుతుందని, అత్తింట్లో కాపురం చెడుతుందని దాస్తారు. ఆసుపత్రికి చేరేసరికి చేయి వంకరపోయి ఉంటుంది.

ఇక్కడే వలయం పూర్తవుతుంది. భయంతో మచ్చను దాస్తారు. దాచడంతో నరం దెబ్బతింటుంది. నరం దెబ్బతో వైకల్యం వస్తుంది. ఆ వైకల్యాన్ని చూసి ఊరు మరింత భయపడుతుంది. బాక్టీరియా చచ్చిపోయాక కూడా ముడుచుకున్న వేలు జబ్బు ఇంకా ఉందన్నట్టే లోకానికి కనిపిస్తుంది. వెలి ఈ జబ్బు ఫలితం మాత్రమే కాదు, దాన్ని ముదిరేలా చేసే కారణం కూడా.

2005లో రోగుల సంఖ్య 10,000 మందికి ఒకటికన్నా తగ్గాక జబ్బు పోయిందన్న భావన వ్యాపించింది. ఇంటింటి సర్వేలు తగ్గాయి. నిజానికి భారత్‌లో ఏటా సుమారు లక్ష కొత్త కేసులు బయటపడుతున్నాయి. ప్రపంచంలో బయటపడే కేసుల్లో సగానికి పైగా ఇక్కడివే. వాటిలో పిల్లలూ ఉండడం జబ్బు ఇంకా సోకుతూనే ఉందనడానికి గుర్తు. 2016 నుంచి ఆశా కార్యకర్తలు మళ్లీ ఇంటింటికీ తిరిగి మచ్చలు వెతుకుతున్నారు. రోగి కుటుంబీకులకు, దగ్గరివారికి ఒక మోతాదు రిఫాంపిసిన్ ఇస్తున్నారు. అలా ఇస్తే తొలి రెండేళ్లలో జబ్బు వచ్చే అవకాశం సగానికి పైగా తగ్గినట్టు బంగ్లాదేశ్‌లో జరిగిన అధ్యయనం చూపింది. 2027 నాటికి వ్యాప్తిని ఆపాలన్నది ప్రభుత్వ లక్ష్యం.

ఆ లక్ష్యానికి కావలసిన మందు ప్రతి ప్రాథమిక ఆరోగ్య కేంద్రం ద్వారా ఉచితంగా అందుతుంది. ఒంటిమీద పాలిపోయిన మచ్చ కనిపించి, అక్కడ గిల్లినా తెలియకపోతే అది సిగ్గుపడాల్సిన సంగతి కాదు, పరీక్ష చేయించుకోవలసిన సంగతి. మందు మింగుతున్న మనిషి పక్కన కూర్చుంటే, అతని చేతి అన్నం తింటే, అతని బిడ్డను కోడలిగా తెచ్చుకుంటే ఎవరికీ ఏ ప్రమాదమూ లేదు. దాచే అవసరం లేని ఊళ్లో ఈ జబ్బు చేతిని వంకర తిప్పేదాకా రాదు.